పదానికీ అర్థానికీ నడుమ

ఎవరూ మాట్లాడని ఇంగ్లీషు మాటలను పలకడం నా పని. ఇది కూడా ఒక పనేనా అని మా చుట్టాలు ఇప్పటికీ మూతి విరుస్తారు. మేడ్చల్‌లో ఒక జూనియర్ కాలేజీలో ఏళ్ల తరబడి ఇంగ్లీషు చెప్పి గొంతు అరగదీసుకున్నాక, ఆ ఉద్యోగం మానేసి, ఫోన్లలో వాడే ఒక నిఘంటువు యాప్‌కు గొంతు ఇవ్వడం మొదలుపెట్టాను. ఆ అరిగిన గొంతే ఇచ్చాను. మామూలు మాటలు పలకడానికి వాళ్లకు బోలెడు మంది దొరికారట. నా వాటాకు వచ్చినవి మూలన పడి బూజు పట్టినవి, పలకబోతే నాలుక మడత పడేవి.

దానికో పద్ధతి ఉంది. మొదట పదం పలకాలి. తర్వాత రెండు సెకన్లు ఊరుకోవాలి. ఆ ఖాళీలో వినేవాళ్లు తామూ పలికి చూసుకుంటారని కంపెనీ వాళ్ల ఆశ. ఆ తర్వాత తెలుగులో అర్థం చెప్పాలి, చివర మళ్లీ పదం. "పెట్రికోర్." ఖాళీ. "ఎండిన నేల మీద తొలి వాన పడినప్పుడు వచ్చే వాసన. పెట్రికోర్." అంతే. ఆ అర్థం చెప్పే తెలుగు మాత్రం పుస్తకాల తెలుగు, వార్తలు చదివే తెలుగు. ఆ భాష మా ఇంట్లో మాట్లాడితే నాకు దయ్యం పట్టిందనుకుంటారు. మైకు ముందు తప్ప నేనెక్కడా అది మాట్లాడను.

రావల్కోల్‌లో మా ఇంటి లోపలి గదిని అర్ర అంటాం. ఒకప్పుడు అందులో వడ్ల బస్తాలు పెట్టేవాళ్లు. కిటికీ లేదు. గోడలకు పాత బొంతలు వేలాడదీసి అందులో మైకు పెట్టుకున్నాను. పొద్దున శిక్షణ విమానాలు నెత్తి మీద చక్కర్లు కొడతాయి, సాయంత్రం పక్క వెంచర్‌లో జేసీబీ మొదలవుతుంది. మధ్యాహ్నం అన్నాలు తిన్నాక ఊరంతా కాసేపు నోరు మూసుకుంటుంది. అప్పుడే నేను నోరు తెరవాలి. మా ఆయనకు తుర్కపల్లిలో మందుల ల్యాబులో ఉద్యోగం. పొద్దున్నే కంపెనీ క్యాబ్ వచ్చి ఎక్కించుకుపోతుంది, చీకటి పడ్డాక దించుతుంది. అమ్మ పోయాక మేమే వచ్చి ఇక్కడ ఉంటున్నాం. పగలంతా ఇంట్లో ముగ్గురం: నేను, బాపు అని పిలిచే మా నాన్న, ఆయన్ను కన్న అవ్వ.

బాపు నీళ్లు చూసేవాడు. అరచేతిలో కొబ్బరికాయ అడ్డంగా పెట్టుకుని చేను మీద నడిచేవాడు. కాయ నిటారుగా లేచి నిలబడిన చోట బోరు వేయమనేవాడు. వెంచర్ల వాళ్లు కార్లు పంపి మరీ తీసుకుపోయేవాళ్లు. నాకు దాని మీద నమ్మకం లేదు. నా మాటల మీద ఆయనకూ లేదు. లెక్క సరిపోయింది.

"గీ మాటలు ఎవ్వలన్న మాట్లాడ్తరా బిడ్డా?" అని అడిగేవాడు.

"ఎవ్వలు మాట్లాడరు బాపూ."

"మరి ఎందుకు జెప్తున్నవ్?"

"ఎప్పుడన్న అక్కరకొస్తయేమొ అని."

"మంచిగుంది. నీళ్లు లేని బాయికి మోటర్ వెట్టినట్టుంది" అని నవ్వేవాడు. ఒకసారి, కడుపులో గుడగుడమంటే ఇంగ్లీషులో బోర్బరిగ్మస్ అంటారని చెప్పాను. ఇక చూడాలి. ఆకలేసినప్పుడల్లా "అన్నం వెట్టుండ్రి, నాకు బోరు మొదలైంది" అని అవ్వ ప్రాణం తీశాడు. ఆయన నన్ను పేరు పెట్టి పిలిచింది లేదు. కోపం వస్తే బిడ్డా, ఆకలేస్తే బిడ్డా, కరెంటు పోతే బిడ్డా. నా పేరు ఆయనకు గుర్తుందో లేదో అని నేనే ఆటపట్టించేదాన్ని.

షామీర్‌పేట చెరువు అవతల ఒక వెంచర్‌లో నీళ్లు చూస్తూ పడిపోయాడు. తీసుకొచ్చినవాళ్లు చెప్పారు, కాయ లేచిందట, ఆయన ఆగి, నోరు తెరిచి ఏదో చెప్పబోయాడట, చెప్పకుండానే కూలబడ్డాడట. చేతిలోంచి కాయ విడిపించడానికి ఇద్దరు పట్టారట. పేట్ బషీరాబాద్‌లో ఆసుపత్రిలో చేర్చాం. మెదడులో రక్తం గడ్డ కట్టింది, ప్రాణానికి భయం లేదు, అఫేజియా మాత్రం ఉంటుంది అన్నాడు డాక్టరు. ఆ పదం నేను అంతకు ముందే రికార్డు చేసి ఉన్నాను. మెదడుకు దెబ్బ తగలడం వల్ల మాట పోవడం. డాక్టరు ఆగగానే నా నోరు నా ప్రమేయం లేకుండా "అఫేజియా" అని ఇంకోసారి పలికి ముగించింది. ఆయన నా వైపు అదోలా చూశాడు. నాకు ఏడుపొచ్చింది.

ఇంటికి వచ్చాక బాపు నడిచాడు, తిన్నాడు, నిద్రపోయాడు. కుడిచేయి కొంచెం మొద్దుబారింది. మాట లేదు. మాట లేకపోతే పోనీ, ఆ చూపే నన్ను చంపింది. నేను ఎదురుగా వెళితే మర్యాదగా చూసేవాడు. పెండ్లిలో అవతలి వైపు చుట్టాలను చూస్తామే, అలా. కూర్చోమన్నట్టు మంచం మీద కొంచెం జరిగేవాడు. నన్ను కన్న మనిషి నాకు చోటు ఇవ్వడానికి జరగడం ఏమిటి? ఆయన మళ్లీ నీళ్లు చూడాలనీ, పంచాయతీలు చేయాలనీ నాకు లేదు. నన్ను చూసి ఒక్కసారి బిడ్డా అనాలి. అంతకన్నా ఏమీ అడగలేదు, ఏ దేవుణ్నీ.

వారానికోసారి స్పీచ్ థెరపిస్ట్ దగ్గరికి తీసుకెళ్లేదాన్ని. ఆ అమ్మాయి బొమ్మల అట్టలు ఇచ్చింది. ఆవు, గ్లాసు, తాళంచెవి. రోజూ ఆయన ముందు కూర్చుని "బాపూ, ఇదేంది?" అని అడిగేదాన్ని. ఆయన అట్టను చూసేవాడు, నన్ను చూసేవాడు, బాగుంది అన్నట్టు తల ఊపేవాడు. నాకు ఓపిక తక్కువ. ఒకరోజు అరిచేశాను, ఆవును చూసి ఆవు అనడానికి ఏం రోగం అని. రోగమే కదా మరి.

మూలన కూర్చుని ఇదంతా చూస్తున్న అవ్వ ఆకు నమలడం ఆపింది. "అట్టలు జూపిస్తె మాటలొస్తయా పిల్లా? పుట్టినప్పుడు నేను వస వెట్టిన, మాటలొచ్చినయ్. మల్ల నేనే వెడ్త" అంది.

వస అంటే ఒక వేరు, కొమ్ములా ఉంటుంది. పసిపిల్లలకు మాట స్పష్టంగా రావాలని సానరాయి మీద అరగదీసి, తేనెతో నాలుకకు రాస్తారు. ఇంట్లో ఎవరైనా ఆపకుండా వాగితే, నీకు వస ఎక్కువ పెట్టారే అంటారు. నన్ను అలా అననివాళ్లు లేరు. అవ్వను తీసుకుని మేడ్చల్ బజారుకు వెళ్లాను. మూలికలు అమ్మే దుకాణంలో గడ్డం పెద్దాయన వస కొమ్ము తూకం వేస్తూ "పోరని ఉమర్ ఎంత అమ్మా?" అని అడిగాడు. అవ్వ తడుముకోకుండా "అరవై దాటినయ్" అంది. ఆయన ఆమెను చూశాడు, నన్ను చూశాడు. "గట్లయితె ఇంకో టుక్డా తీస్కో" అని ఊరికే ఇంకో ముక్క వేశాడు.

ఆటోలో వస్తూ అవ్వ అసలు సంగతి చెప్పింది. వస పెట్టడం ఒక్కటే కాదు, పెట్టాక మొదట చెవిలో పడే మాట ముఖ్యం. నాలుక ఆ మాటనే పడుతుందట, ఆ గొంతునే పడుతుందట. అందుకే తల్లి పక్కనే ఉండి పేరు పెట్టి పిలవాలి, అప్పటిదాకా ఇంట్లో గిన్నె చప్పుడు కూడా కాకూడదు. ఈ నియమం నేను ఇంకెవరి దగ్గరా వినలేదు. అవ్వకు వాళ్ల అవ్వ చెప్పిందో, అవ్వే కల్పించుకుందో నాకు తెలియదు. నాకు నవ్వొచ్చింది, ఊరుకున్నాను.

ఎప్పుడు పెడుతుందో నాకు చెప్పలేదు. చెబితే ఏదో ఒకటి అంటానని. చప్పుడు లేని వేళ చూసుకుంది, అంటే మధ్యాహ్నం. చప్పుడు లేని వేళలోనే నేను అర్రలో కూర్చుంటానన్న సంగతి ఆమె మరిచింది. బాపు మంచం అర్ర గోడకు ఆనించి ఉంటుంది. గోడకు నా వైపు బొంతలున్నాయి గానీ అది ఒంటి ఇటుక గోడ. అవ్వ వస రాసింది, సానరాయి ఒళ్లో పెట్టుకుంది, కొడుకును పిలవబోయే ముందు గొంతు సవరించుకుంది. ఆ సవరించుకునేంతలో గోడ అవతల నుంచి నా మాట పడింది.

పని ముగించి బయటికి వచ్చేసరికి అవ్వ నన్ను కొట్టేలా ఉంది. "నా మాట కంటె ముందు నీది జొచ్చింది. ఆగం జేసినవ్" అంది.

"నాకేం ఎర్క అవ్వా, నువ్వు జెప్పినవా?" అన్నాను.

అప్పుడు బాపు నోరు తెరిచాడు. "రెవెనెంట్" అన్నాడు.

ఆయన పైకప్పు వైపు చూస్తూ ఆగాడు. నేను ఆగినంతసేపే ఆగాడు. తర్వాత, "చనిపోయి గానీ, చాలాకాలం కనిపించకుండా పోయి గానీ, తిరిగి వచ్చిన వ్యక్తి. రెవెనెంట్" అన్నాడు.

గొంతు బాపుదే, బొంగురుగా. కానీ ఎక్కడ లేపాలో, ఎక్కడ దించాలో, ఎక్కడ ఊపిరి తీసుకోవాలో, ఆ తీరంతా నాది. "గానీ" దగ్గర నేను కొంచెం సాగదీస్తాను, అదీ ఉంది. పుట్టిన దగ్గర్నుంచి "వ్యక్తి" అన్న మాట ఆయన నోట రాలేదు. ఎన్నాళ్లనుంచో ఎదురుచూసిన మాట వచ్చింది, దానికి సంతోషించడం నాకు చేతకాలేదు. అవ్వ లేచి గుమ్మం బయటికి వెళ్లి తుపుక్కున ఉమ్మి వచ్చింది.

అప్పట్నుంచి బాపు మాట్లాడటం మొదలుపెట్టాడు. పొద్దున మంచం మీద కూర్చుని "సిథరిజమ్" అనేవాడు, స్పెల్లింగులో మొదట ఉన్న 'పి' పలకకూడదని నేను ఎంత కష్టపడి నేర్చుకున్నానో అంత శుద్ధంగా. ఆగేవాడు. "చెట్ల ఆకుల మధ్య గాలి చేసే సవ్వడి. సిథరిజమ్." పొద్దుగూకే వేళ గేటు దగ్గర నిలబడి, వెంచర్ హద్దురాళ్ల వైపు చూస్తూ "ఇగ్నిస్ ఫాచుఅస్" అనేవాడు. "చిత్తడి నేలల మీద రాత్రిపూట కదిలే వెలుగు. కొరివిదయ్యం. ఇగ్నిస్ ఫాచుఅస్." ఆయన చూస్తున్న వైపు నేనూ చూసేదాన్ని, ఏమీ ఉండేది కాదు. పాల కోసం వచ్చిన పక్కింటామె ఇది విని గిన్నె అక్కడే పెట్టి వెళ్లిపోయింది. మరునాటికి ఊళ్లో మాట పుట్టింది, ఎవరో దొరసాని దయ్యం పట్టిందని, ఎక్కడో బోరు పాయింటు కింద గోరీ కదిలించాడని. థెరపిస్ట్ అమ్మాయి మాత్రం సంబరపడింది. కొందరికి విన్నది విన్నట్టు తిరిగి చెప్పడం మిగులుతుంది, మంచిదే, ఆపకండి అంది. ఆమెకేం, సాయంత్రం తాళం వేసుకుని ఇంటికి పోతుంది.

నేను పని ఆపుదామనుకున్నాను. ఆపితే ఆ ఉన్న మాటలు కూడా పోతాయేమోనని ఆపలేదు. ఇలా ఉండగా కంపెనీ నుంచి ఫోను వచ్చింది. ఈ మధ్య పంపిన రికార్డింగులు వాడలేకపోతున్నాం మేడమ్, గదిలో ఇంకెవరో మాట్లాడుతున్నారు, అన్నాడు అటువైపు అబ్బాయి. ఎవరూ లేరు, తలుపు వేసుకునే చెబుతాను, అన్నాను కాస్త కటువుగానే. "వాల్యూమ్ పెంచి ఖాళీల్లో వినండి మేడమ్" అన్నాడు.

హెడ్‌ఫోన్లు పెట్టుకుని విన్నాను. "క్రిపస్క్యులర్" అంటున్నాను నేను. తర్వాత ఖాళీ. ఆ ఖాళీలో, దూరంగా, గోడ అవతల నుంచి, బాపు గొంతు. "బర్లు ఇంటికొచ్చే యాళ్ల." ఆ తర్వాత నా గొంతు, "సంధ్య వెలుగులో సంచరించేది" అని.

నేను హెడ్‌ఫోన్లు తీసి మళ్లీ పెట్టుకున్నాను. "సిథరిజమ్." ఖాళీలో, "మక్కచేన్ల గాలి." భూమి లోపలి లోకానికి సంబంధించినదాన్ని థానిక్ అంటారు. "థానిక్" అని నేను పలికిన వెంటనే ఖాళీలో, "కిందికెంచి పిలిచేది." ఇది నా తెలుగు కాదు, నా సాగదీత లేదు. ఇది ఆయన మాట, ఆయన యాస, జబ్బుకు ముందు నాతో మాట్లాడిన తీరు. ఆయన వట్టిగా తిరిగి చెప్పడం లేదు. నేను పదం పడేస్తే ఆయన అర్థం చెబుతున్నాడు.

ఒక్కో పదాన్ని రెండు మూడుసార్లు రికార్డు చేస్తాను. మొదటిసారి నేను చెప్పిన అర్థం విని, రెండోసారికి తన మాటల్లో చెప్పి ఉంటాడు అని నాకు నేను నచ్చజెప్పుకున్నాను. మనసు ఊరుకోలేదు. వెనక్కి వెళ్లి మొదటిసారివి తెరిచాను. "సెనటాఫ్" అన్న పదం. వేరెక్కడో చనిపోయినవాళ్ల కోసం కట్టే సమాధి, లోపల ఎవరూ ఉండరు. ఆ అర్థం నేను ఇంకా చెప్పనేలేదు. పదం ఒక్కటే పలికి ఆగాను. ఖాళీలో బాపు, "మీ అమ్మ మంచం" అన్నాడు.

అమ్మ ఆసుపత్రిలో పోయింది. ఆమె మంచాన్ని బాపు తీయనివ్వలేదు. రోజూ దుప్పటి దులిపి పరిచేవాడు. నేను ఆ అర్రలో పట్టపగలు, చుట్టూ బొంతల మధ్య, చెమటలు పట్టి కూర్చున్నాను. ఇంగ్లీషు ముక్క రాని మనిషి ఆ పదం ఎలా పట్టాడో నాకు ఇప్పటికీ తెలియదు. అడిగినవాళ్లందరూ తలో మాట చెప్పారు, ఒక్కటీ నాకు ఎక్కలేదు.

ఒక్క సంగతి మాత్రం అప్పుడే పట్టుకున్నాను. మీ అమ్మ అన్నాడు. అంటే వినేది నేనని ఆయనకు తెలుసు.

పరుగున వచ్చి ఆయన ఎదురుగా కూర్చున్నాను. మైకు గొంతుతో "సెనటాఫ్" అన్నాను. ఆయన మర్యాదగా చూశాడు. "థానిక్" అన్నాను. కొంచెం జరిగి చోటిచ్చాడు. సాయంత్రం దాకా నాకు వచ్చిన పాత మాటలన్నీ ఆయన ముందు కుమ్మరించాను. ఉలుకు లేదు పలుకు లేదు. అవ్వ చాలాసేపు చూసి, "నిన్ను జూసుకుంట జెప్పడు బిడ్డ. ఆ గొంతును నాలుక పట్టింది గని నీ మొకాన్ని పట్టలేదు. లోపట్కి వో" అంది. మామూలుగా అయితే ఆమెతో వాదం పెట్టుకునేదాన్ని. ఆ రోజు లేచి వెళ్లాను.

తలుపు వేసుకున్నాను. మైకు ఆన్ చేసి హెడ్‌ఫోన్లు పెట్టుకున్నాను, ఆయన ఊపిరి కూడా వినబడాలని. అడగాలనుకున్న మాట నిఘంటువులో వెతకాల్సింది కాదు. దాన్ని పలకడానికే భయమేసింది. అర్థం తెలియదంటే? చివరికి, మిగతా పదాలను పలికినట్టే, తడబడకుండా, "బిడ్డ" అన్నాను.

రెండు సెకన్లు గడిచాయి. ఇంకా గడిచాయి. మంచం నులక కిర్రుమంది. "గీ గోడెన్క ఉంటది" అన్నాడు బాపు. "మనిషి కనవడది. దినాం నాతోని మాట్లాడ్తది." కొంచెం ఆగి, పద్ధతి ప్రకారం చివర మళ్లీ ఆ పదం చెప్పాడు. "బిడ్డ."

మైకు ముందు తల పెట్టి వెక్కి వెక్కి ఏడ్చాను. ఏడుస్తూనే "బాపూ" అని పిలిచాను.

"ఆఁ, బిడ్డా" అన్నాడు. కరెంటు పోయినప్పుడు పిలిచినట్టే, అంత మామూలుగా.

తలుపు తీసుకుని ఉరికాను. "బాపూ, నేనే, నేను గదా" అంటూ ఆయన మోకాళ్లు పట్టుకున్నాను. ఆయన ఉలిక్కిపడ్డాడు. తర్వాత ఎడమచేయి ఛాతీ మీద పెట్టుకుని, పరాయి ఆడమనిషికి పెట్టినట్టు, నాకు నమస్కారం పెట్టాడు.

ఆ తర్వాత గోడ అవతలి నుంచే మా ముచ్చట్లు. మొదట్లో ఏదో ఒక పదం అందిస్తే గానీ మాట కదిలేది కాదు. పోను పోను "బాపూ" అంటే చాలు, మొదలుపెట్టేవాడు. ఎండలు, బోర్లు ఎండడం, వెంచర్ల వాళ్ల అబద్ధాలు. అంతా తన భాషలోనే. మా ఆయన సెలవురోజు ఇది చూసి తెల్లబోయాడు, నువ్వు బయట ఉండి మాట్లాడొచ్చు కదా అన్నాడు. మాట్లాడుతున్నాను మహానుభావా, ఆయనకు వినబడటం లేదు అన్నాను. ఒకసారి అవ్వ తలుపు దగ్గరికి వచ్చి, "నన్ను గూడ అడుగు" అంది. "అవ్వ" అన్నాను గోడ వైపు తిరిగి. ఖాళీ తర్వాత, "ఎప్పుడో వోయింది" అన్నాడు బాపు. అవ్వ ఆకు నములుతూ, "పోతె పోయిన. యాదికైతె ఉన్న గద" అని వెళ్లి పొయ్యి దగ్గర కూర్చుంది. ఆ రాత్రి అన్నం తినలేదు.

ఒక మధ్యాహ్నం గొంతు తగ్గించి అడిగాడు. "బిడ్డా, దినాం ఒకామె వచ్చి అన్నం వెడ్తది. ఎవలామె?"

"మనామెనే బాపూ" అన్నాను.

"మంచిగనే జూస్కుంటది. గని ఒక్క మాట మాట్లాడది. పాపం, మాట వోయినట్టుంది."

అన్నం పెట్టినంతసేపూ నేను వాగుతూనే ఉంటాను. కూర ఎలా ఉంది బాపూ, కారం ఎక్కువైందా బాపూ, మొగులైంది వాన పడుతుందేమో బాపూ అని. ఒక్కటీ ఆయన దాకా పోలేదన్నమాట. ఆ రోజు నుంచి ఆయన ఎదుట మాట్లాడటం తగ్గించాను. తగ్గించి తగ్గించి మానేశాను. ఆయన అన్నది నిజం చేసినట్టుంది, ఏం చేయను.

మొన్నటి సంగతి ఇది. ఎండ మాడిపోతోంది. అవ్వ వసారాలో కునుకు తీస్తోంది. నేను బాపు ఎదురుగా పీట వేసుకుని సల్ల అన్నం కలిపి పెడుతున్నాను. రెండో ముద్ద నోట్లో ఉండగా ఆయన నమలడం ఆపాడు. తల గోడ వైపు వంచాడు.

"ఆఁ, బిడ్డా" అన్నాడు.

ముద్ద పట్టుకున్న నా చేయి గాలిలోనే ఆగిపోయింది. నేను పెదవి కదపలేదు. ఆయన వింటున్నాడు. నేను మాట్లాడేటప్పుడు వినే తీరులోనే, కళ్లు అరమూసి, మధ్యమధ్య తల ఊపుతూ వింటున్నాడు. "తింటున్న" అన్నాడు. మళ్లీ విన్నాడు, చిన్నగా నవ్వాడు. "ఆమెనే వెడ్తాంది."

అర్ర తలుపు తెరిచే ఉంది. నేను కూర్చున్న చోటి నుంచి లోపలంతా కనిపిస్తుంది. బొంతలు, స్టూలు, మైకు. మైకు తీగ కూడా తగిలించి లేదు. సిగ్గు విడిచి చెబుతున్నాను, నేనూ చెవి పెట్టి విన్నాను. ఫ్యాను చప్పుడు తప్ప ఏమీ లేదు.

"ఈడ్నే ఉన్నది బిడ్డా" అన్నాడు బాపు గోడతో. "నా ఎదురుంగనే కూసున్నది. పొమ్మనాల్నా?"

జవాబు కోసం ఆగాడు. నేను కూడా ఆగాను. అంత భయం నాకు ఆసుపత్రిలో కూడా వేయలేదు. తర్వాత ఆయన తల తిప్పి నా ముఖంలోకి నేరుగా చూశాడు. పడిపోయిన నాటి నుంచి నా ముఖం చూసి ఆయన ఒక్క మాట అనలేదు.

"ఉండుమంటాంది" అన్నాడు.

లోపలున్నది నేనే బాపూ, అందామని నోరు తెరిచాను. ఇక్కడ కూర్చుని ఆ మాట ఎలా అనాలో తెలియలేదు. ముద్ద అందించాను. తిన్నాడు.